మట్టాంచేరి జూ టౌన్: ఒక్క సినగాగ్ చూసి వెనక్కి తిరగకండి

[దృశ్యం: జూ టౌన్ రోడ్డు ఉత్తరపు కొస, పొద్దున్న. దుకాణాల తలుపులు ఒక్కొక్కటే తెరుచుకుంటున్నాయి.]

నమస్తే. శబరిమల నుంచి తిరిగొస్తూ ఎర్నాకుళంలో ఒక పూట ఖాళీ దొరికినా, మున్నార్ వెళ్తూ కొచ్చిలో ఆగినా, మనవాళ్లు మట్టాంచేరిలోని జూ టౌన్‌లో, అంటే పాత యూదుల పేటలో, చేసే పని దాదాపు ఒకటే. ఆటో దిగుతారు, యూదుల ప్రార్థన మందిరమైన పరదేశి సినగాగ్‌లో పావుగంట ఉంటారు, మిరియాలో యాలకులో కొనుక్కుని వెళ్లిపోతారు. అలా వెళ్తే కొచ్చి యూదుల చరిత్రలో పెద్ద భాగం చూడకుండా వెళ్లినట్టే. ఆ సినగాగ్ కట్టుకున్న పరదేశి యూదులు ఎప్పుడూ కొద్దిమందే. కేరళ యూదుల్లో ఎక్కువమంది, వాళ్లకన్నా ముందు నుంచీ ఇక్కడున్న మలబారీ యూదులు. వాళ్ల సినగాగ్‌లూ ఈ జూ టౌన్‌లోనే ఉండేవి. అందుకే ఈ వీడియోలో వీధి ఆ చివరి నుంచి ఈ చివరిదాకా నడుద్దాం. నింపాదిగా నడిస్తే మూడు గంటలు పడుతుంది.

ముందు రోజు, వేళ తేల్చుకుందాం. ఎక్కువమంది దెబ్బతినేది ఇక్కడే.

[తెర మీద: ఆదివారం నుంచి గురువారం మధ్య వెళ్లండి. ఉదయం 10కి అక్కడ ఉండండి.]

శనివారం సబ్బాత్, అంటే యూదుల విశ్రాంతి రోజు, సినగాగ్ తెరవరు. సబ్బాత్ శుక్రవారం సూర్యాస్తమయంతోనే మొదలవుతుంది కాబట్టి శుక్రవారాన్నీ నమ్ముకోవద్దు. పక్కనే ఉన్న మట్టాంచేరి ప్యాలెస్‌కి శుక్రవారమే సెలవు. వారాంతపు ట్రిప్ వేసుకున్నవాళ్లకి మిగిలేది ఆదివారం ఒక్కటే. మధ్యాహ్నం 1 నుంచి 3 దాకా సినగాగ్ మూసే ఉంటుంది. 12:45కి వెళ్తే టికెట్ ఇచ్చినా లోపల నిలబడి చూసే తీరిక ఉండదు. యూదుల పండగలకీ సెలవే. రోష్ హషానా, యోమ్ కిప్పుర్, సుక్కోత్ వరుసగా సెప్టెంబర్, అక్టోబర్ నెలల్లో వస్తాయి. కొన్నేళ్లు అవి మన దసరా సెలవులతో కలుస్తాయి. పెసఖ్ మార్చి, ఏప్రిల్ మధ్య వస్తుంది. టికెట్లు బుక్ చేసే ముందు ఆ ఏడాది యూదుల క్యాలెండర్ ఒకసారి చూసుకోండి.

బట్టల సంగతి: మోకాళ్లు, భుజాలు కప్పి ఉండాలి. నిక్కర్లు, స్లీవ్‌లెస్‌లు వేసుకుంటే లోపలికి పోనివ్వరు. బ్యాగులు బయటే పెట్టిస్తారు కాబట్టి లగేజీ స్టేషన్ క్లోక్‌రూమ్‌లోనే వదిలి రండి. టికెట్ నామమాత్రం, చిల్లర దగ్గర ఉంచుకోండి. లోపల ఫొటోలు తియ్యనివ్వరు. చెప్పులు విప్పి వెళ్లాలి. వేరే దేశాల్లో సినగాగ్‌లకి ఈ ఆచారం ఉండదు. కొచ్చి యూదులు మాత్రం ఎప్పుడూ చెప్పులు విప్పే లోపలికి వెళ్లేవారు.

ఎర్నాకుళం నుంచి రావడానికి హైకోర్టు జెట్టీ దగ్గర వాటర్ మెట్రో ఎక్కడం మేలు. రోడ్డు మీదుగా వస్తే తోప్పుంపడి వంతెన దగ్గర ట్రాఫిక్‌లో ఇరుక్కుంటారు. ఫోర్ట్ కొచ్చిలో దిగితే ఆటో మాట్లాడుకోండి. డ్రైవర్‌కి 'జూ టౌన్' అంటే చాలు.

[దృశ్యం: ప్యాలెస్ ప్రహరీ, గుడి, సినగాగ్ గడియార స్తంభం ఒకే ఫ్రేమ్‌లో.]

మొదటి మజిలీలో లోపలికి వెళ్లే ముందు ఒక నిమిషం బయటే నిలబడండి. ఒక పక్క కొచ్చి రాజుల మట్టాంచేరి ప్యాలెస్. దాన్ని ఆనుకుని పళయన్నూర్ భగవతి గుడి. ఆ గోడకి ఇవతల సినగాగ్. రాజు తన ఇంటి పక్కనే, తన కులదేవత గుడి పక్కనే యూదులకి స్థలం ఇచ్చాడు. దీని వెనక చాలా కథ ఉంది. యూదులు అంతకుముందు ఉన్నది కొడుంగల్లూర్‌లో, పాత ముసిరిస్ రేవు ప్రాంతం అది. 1341 వరదల తర్వాత ఆ రేవు పూడుకుపోయి, వ్యాపారం మెల్లగా కొచ్చికి మళ్లింది. పదహారో శతాబ్దంలో యుద్ధాలు, పోర్చుగీసుల ఒత్తిడి పెరిగి, మిగిలినవాళ్లు కొచ్చి రాజు నీడకి చేరారు. 1492లో స్పెయిన్ నుంచి వెళ్లగొట్టిన యూదుల్లో కొందరూ చివరికి ఇక్కడికే వచ్చారు. పరదేశులంటే వాళ్లూ, తర్వాత అలెప్పో, ఇరాక్ వైపు నుంచి వచ్చినవాళ్లూ. 1568లో ఈ సినగాగ్ కట్టుకున్నారు.

1662లో డచ్చివాళ్లు కొచ్చి మీద దాడి చేసి ఓడి వెనక్కి తగ్గారు. యూదులు డచ్చివాళ్లకి సాయం చేశారన్న కోపంతో పోర్చుగీసులు జూ టౌన్‌ని దోచి సినగాగ్‌ని పాడుచేశారు. మరుసటి ఏడాది కోట డచ్చివాళ్ల చేతికి వచ్చాక మళ్లీ కట్టారు.

తల ఎత్తి గడియార స్తంభం చూడండి. 1760 నాటిది. ఒక్కో ముఖం మీద అంకెలు ఒక్కో లిపిలో ఉంటాయి: రోమన్, హీబ్రూ, మలయాళం. డచ్చి ఈస్టిండియా కంపెనీకి ప్రధాన వర్తకుడిగా ఉన్న ఎజెకియెల్ రహాబి కాలంలో కట్టించింది ఇది. రేవు వీధిలో ఎవరెవరు టైం చూసుకునేవారో ఆ అంకెలే చెబుతాయి.

ఆవరణ గోడలో ఒక పాత హీబ్రూ శిలాఫలకం పొదిగి ఉంటుంది. చాలామంది దాన్ని దాటేసి వెళ్లిపోతారు. కొచ్చిలోనే కొచ్చంగాడి అనే చోట ఉండి తర్వాత కనుమరుగైన సినగాగ్‌ది ఆ రాయి, 1344 నాటిది. అంటే మీరు చూడబోయే భవనం కన్నా రెండు శతాబ్దాలకు పైగా పాతది.

[దృశ్యం: పక్క గదిలో చిత్రపటాలు. వాటిలో ఒకటి: రాజు చేతి నుంచి రాగిరేకులు అందుకుంటున్న వ్యక్తి.]

ప్రవేశం దగ్గర గదిలో పది చిత్రపటాలున్నాయి. 1968లో సినగాగ్ నాలుగు వందల ఏళ్ల ఉత్సవానికి వేయించినవి. ఆ ఉత్సవానికి ప్రధాని ఇందిరా గాంధీ వచ్చారు, తపాలా బిళ్ల కూడా విడుదలైంది. వీటిలో రాగిరేకుల బొమ్మ దగ్గర ఆగండి. సుమారు క్రీ.శ. 1000లో చేర రాజు భాస్కర రవివర్మ, జోసెఫ్ రబ్బాన్ అనే యూదు వర్తక నాయకుడికి రాయించి ఇచ్చిన తామ్రశాసనం అది. లిపి వట్టెళుత్తు. శాసనంలో అతని పేరు 'ఇస్సుప్పు ఇరప్పాన్' అని ఉంటుంది. డెబ్బై రెండు హక్కులు ఇచ్చారు: సుంకం వసూలు, పగటి దీపం, నడిచే దారిలో పరిచే గుడ్డ, పల్లకి, గొడుగు, పెద్ద బూర, తోరణం, ఇంకా 'వడుగ' డోలు. వడుగులంటే ఆ రోజుల్లో అక్కడివాళ్లు ఉత్తరాది పొరుగువాళ్లయిన తెలుగువాళ్లని పిలిచిన పేరు. కొడుకులకీ కూతుళ్లకీ మేనల్లుళ్లకీ అల్లుళ్లకీ వంశపారంపర్యంగా, లోకమూ చంద్రుడూ ఉన్నంతవరకు అని రాశారు. మన శాసనాల్లోని ఆచంద్రార్కం లాంటి మాటే. అసలు రేకులు ప్రదర్శనలో పెట్టరు, అడిగి విసిగించకండి. వాటి నకళ్లను 2017లో మన ప్రధాని ఇజ్రాయెల్ ప్రధానికి కానుకగా ఇచ్చారు.

ఇప్పుడు ప్రార్థన మందిరం. లోపల చూడాల్సినవి వరుసగా చెబుతాను. అక్కడ ఫొటో తియ్యలేరు కాబట్టి ఇప్పుడే గుర్తుపెట్టుకోండి.

మొదట నేల. చైనాలోని కాంటన్ నుంచి పద్దెనిమిదో శతాబ్దంలో ఓడల్లో వచ్చిన తెల్లటి పింగాణీ పలకలు, వాటి మీద నీలం రంగు బొమ్మలు. దాదాపు 1,100 ఉంటాయి. ఏ రెండూ ఒకేలా ఉండవని గైడ్లు చెబుతారు. మీరే వంగి నాలుగైదు పలకలు పోల్చి చూడండి. చెట్టు, నీళ్లు, ఇల్లు లాంటి దృశ్యాలు తిరిగి తిరిగి వస్తాయి. కుంచె పట్టిన చెయ్యి మాత్రం ప్రతిసారీ కొంచెం మారుతుంది. ఒక ఆకు లావుగా పడుతుంది, ఒకచోట నీలం పలచబడుతుంది. అలా చూస్తేనే అది అచ్చు కాదు, చేతిపని అని తెలుస్తుంది.

తర్వాత మధ్యలో ఇత్తడి కమ్మీల వేదిక. యూదుల ధర్మగ్రంథం తోరా చదివేది దాని మీద నిలబడే. కొచ్చి యూదులు దీన్ని తేబా అంటారు. ఇక్కడి నుంచి మేడ వైపు చూడండి: అక్కడ రెండో తేబా కనిపిస్తుంది. కింద ఒకటి, పైన ఒకటి ఉండడం కేరళ సినగాగ్‌ల సొంత పద్ధతి. పై వేదిక వెనక ఆడవాళ్లు కూర్చునే చోటు. ఎదురుగా పడమటి గోడలో చెక్కిన టేకు మందసం, హేఖాల్. జెరూసలేం ఇక్కడి నుంచి పడమర దిక్కు కాబట్టి అటు పెట్టారు. తోరా చుట్టలు అందులోనే భద్రం. వాటిలో ఒకదానికి 1805లో తిరువితాంకూరు మహారాజు ఇచ్చిన బంగారు కిరీటం ఉంది. పైన వేలాడేవి గాజు దీపాలు, షాండ్లియర్లు.

ఇది మ్యూజియం కాదు, ప్రార్థన స్థలం. కాకపోతే సామూహిక ప్రార్థనకి పదిమంది వయసొచ్చిన మగవాళ్లు కావాలి, దాన్ని మిన్యాన్ అంటారు. ఊళ్లో అంతమంది మిగల్లేదు. బయటి నుంచి యూదులు వచ్చినప్పుడే మిన్యాన్ కూడుతుంది.

[దృశ్యం: సినగాగ్ గుమ్మం, ముందు గది. తర్వాత ఎ.బి. సేలం పేరున్న రోడ్డు బోర్డు.]

బయటికి వచ్చేటప్పుడు గుమ్మం దగ్గరి ముందు గదిని ఇంకోసారి చూడండి. ఇది చెప్పకుండా ఈ నడక పూర్తికాదు. పరదేశి కుటుంబాల్లో బానిసత్వం నుంచి విడుదలైనవాళ్లనీ, వాళ్ల సంతతినీ మెషుహ్రారిమ్ అనేవారు. మతం ఒకటే, ప్రార్థన ఒకటే. కానీ వాళ్లని లోపల బెంచీల మీద కూర్చోనిచ్చేవారు కాదు. ఈ ముందు భాగంలో నేల మీద, మెట్ల మీద కూర్చోవాలి. మలబారీలకీ పరదేశి సినగాగ్‌లో సమాన సభ్యత్వం లేదు. దీని మీద పోరాడినవాడు అబ్రహాం బరాక్ సేలం, 1882లో పుట్టి 1967లో పోయారు, వకీలు. మెషుహ్రారిమ్ సమాజంలోనే పుట్టారు. గాంధీజీ సత్యాగ్రహ పద్ధతినే తన సొంత సినగాగ్‌లో ప్రయోగించి ఆ అడ్డుగోడల్ని ఒక్కొక్కటిగా తీయించారు. అందుకే ఆయన్ని యూదు గాంధీ అనేవారు. ఈ పేటలో ఒక రోడ్డుకి ఆయన పేరుంది. చైనా పలకల గురించి పది నిమిషాలు చెప్పే గైడ్లలో ఈ మాట ఎత్తేవాళ్లు తక్కువ. మీ గైడ్ చెప్పకపోతే మీరే అడగండి.

[దృశ్యం: జూ టౌన్ రోడ్డు, దక్షిణం వైపు నడక.]

ఇక వీధి. ఇళ్లు ఒకదాన్నొకటి ఆనుకుని, గోడలు కలిసి ఉంటాయి. కింద దుకాణమో గోదామో, పైన కాపురం. కిటికీ కమ్మీల్లో ఆరు మూలల దావీదు నక్షత్రం కోసం వెతకండి, కళ్లు పైకి ఎత్తితేనే కనబడుతుంది. ఈ పేటలోనే బతికిన యూదురాలు సారా కోహెన్ ఎంబ్రాయిడరీ దుకాణం ఇదే వీధిలో ఉంది. ఆమె 2019లో 96 ఏళ్ల వయసులో పోయారు. చివరి ఏళ్లలో ఆమెను సొంత బిడ్డల్లా చూసుకున్న ముస్లిం కుటుంబం ఆ ఇంటిని ఆమె జ్ఞాపకంగా నిలబెట్టింది.

పాత వస్తువుల దుకాణాల్లో చూడడానికి డబ్బులివ్వక్కర్లేదు. కొనేటప్పుడు మాత్రం జాగ్రత్త. పాతదిలా కనిపించేలా చేసిన కొత్త సామాను చాలా ఉంటుంది. విదేశాల నుంచి వచ్చిన మనవాళ్లు ముఖ్యంగా వినండి: నిజంగా వందేళ్లు దాటిన కళాఖండాన్ని 1972 చట్టం ప్రకారం దేశం దాటించకూడదు. మసాలాలు గోదాముల వైపు కొనండి. సినగాగ్ గుమ్మం ఎదుటి ధరలు టూరిస్టు ధరలు.

ఈ వీధికి మిరియాలే ప్రాణం. మిరియాల ఎక్స్చేంజ్ ఉండింది జూ టౌన్‌లోనే. వర్తకులు గుండ్రంగా చేరి అరుస్తూ ధర కట్టేవారు. కంప్యూటర్లు వచ్చాక ఆ అరుపులు ఆగిపోయాయి.

[దృశ్యం: వీధి దక్షిణపు కొస, కడవుంభాగం సినగాగ్.]

వీధి చివరికంటా నడవండి. టూరిస్టులు పల్చబడతారు, గోదాములు మొదలవుతాయి. ఇక్కడ మలబారీ యూదుల కడవుంభాగం సినగాగ్ ఉంది. పరదేశి సినగాగ్ కన్నా పాతది. 1950ల మధ్యలో మలబారీలు దాదాపు అందరూ ఇజ్రాయెల్ వెళ్లిపోయాక ఇది గోదాముగా మారింది. లోపలి చెక్కపనిని విప్పి జెరూసలేంలోని ఇజ్రాయెల్ మ్యూజియంకి తీసుకెళ్లి అక్కడ తిరిగి నిలబెట్టారు. ఖాళీ గోడలు ఇక్కడే మిగిలాయి. 2019 సెప్టెంబర్ వానలకి ముందు భాగం కూలింది. లోపలికి వెళ్లే ప్రయత్నం చెయ్యకండి, బయట నుంచే చూడండి. మలబారీలదే తెక్కుంభాగం సినగాగ్ కూడా ఈ పేటలోనే ఉండేది. దాన్ని ఎప్పుడో కూల్చేశారు, చూడడానికేమీ లేదు.

తిరిగొచ్చేటప్పుడు ప్యాలెస్‌కి వెళ్లండి. పోర్చుగీసులు కట్టించి రాజుకి ఇచ్చింది, డచ్చివాళ్లు బాగుచేసింది. గోడల మీది రామాయణ చిత్రాలకి కనీసం అరగంట ఉంచుకోండి. యూదుల శ్మశానం దగ్గర్లోనే ఉంది కానీ గేటుకి సాధారణంగా తాళం ఉంటుంది, పనిగట్టుకుని వెళ్లకండి.

[తెర మీద: ఇంకో రోజు ఉంటే]

ఆ రోజు రెండు చోట్లకి పెట్టుకోండి. ఎర్నాకుళం మార్కెట్‌లో ఇదే పేరున్న ఇంకో కడవుంభాగం సినగాగ్‌ని 2018లో బాగుచేశారు. ముందు అక్వేరియం చేపలు, మొక్కలు అమ్మే దుకాణం ఉంటుంది, దాని గుండానే లోపలికి దారి. అది చూసుకుని ఉత్తర పరవూర్ బస్సెక్కండి. అక్కడి సినగాగ్‌ని కేరళ ప్రభుత్వ ముసిరిస్ వారసత్వ ప్రాజెక్టులో మ్యూజియం చేశారు. వీధి గేటు నుంచి మందసం దాకా ఒకే వరుసలో సాగే కేరళ సినగాగ్ నిర్మాణం పూర్తిగా అర్థమయ్యేది అక్కడే. లోపలి మందసం మాత్రం నకలు, అసలుది జెరూసలేంలో ఉంది. దగ్గర్లోనే, మ్యూజియంగా మారిన చేందమంగళం సినగాగ్ ముందు 1269 నాటి సమాధి రాయి ఉంది, సారా అనే ఆమెది. దేశంలో దొరికిన హీబ్రూ శాసనాల్లో అత్యంత పాతదిగా చెబుతారు. ఈ రెండు మ్యూజియంలకీ సోమవారం సెలవు, కాబట్టి పరవూర్‌ని సోమవారం పెట్టుకోకండి.