ఇప్ప చెట్టు కింద నిప్పు ఎందుకు పెడతారు? (వీడియో స్క్రిప్ట్)

[దృశ్యం: మార్చి నెల, తెల్లవారుజాము. ఇప్ప చెట్టు కింద రాలిన పువ్వులు. గంపలోకి ఏరుతున్న చేతులు దగ్గరగా.]

వాయిస్ ఓవర్: ములుగు జిల్లా తాడ్వాయి అడవైనా, ఆసిఫాబాద్ జిల్లా తిర్యాణి అడవైనా, మార్చి వచ్చిందంటే తెల్లవారకముందే ఇప్ప చెట్ల కింద మనుషులు కనబడతారు. ఇప్ప పువ్వు రాత్రిపూట, తెల్లవారుజామున రాలుతుంది. ఆలస్యం చేస్తే జింకలు, మేకలు తినేస్తాయి. ఎలుగుబంటికి కూడా ఇది ఇష్టమైన తిండి. అందుకే ఒంటరిగా వెళ్లరు, నలుగురైదుగురు కలిసి గట్టిగా మాట్లాడుకుంటూ వెళ్తారు.

[దృశ్యం: అదే అడవిలో నేల మీద పాకుతున్న సన్నటి మంట.]

సరిగ్గా ఈ రోజుల్లోనే అడవిలో మంటలు లేస్తాయి. వాటిలో కొన్ని ఈ ఇప్ప చెట్ల కిందే మొదలవుతాయి. ఫిబ్రవరి నుంచి రాలిన ఆకు చెట్టు కింద మందంగా పేరుకుంటుంది. అందులో పడిన పువ్వు కనబడదు. ఆకును కాల్చేస్తే నేల నల్లగా తేలుతుంది, దాని మీద పువ్వు ఇట్టే కనబడుతుంది. చీపురుతో చాలాసేపు పట్టే పని అగ్గిపుల్లతో క్షణాల్లో అయిపోతుంది. తునికాకు కోసం కూడా కొందరు పొదలకు నిప్పు పెడతారు. పొద కాలితే ఏప్రిల్ నాటికి లేత ఆకు వేస్తుంది, బీడీకి ఆ ఆకే కావాలి.

యాంకర్: నమస్కారం. అడవిని కాపాడాలంటే జనాన్ని అడవికి దూరంగా ఉంచాలి అనే మాట మనం చాలా చోట్ల వింటాం. నేను ఆ మాట ఒప్పుకోను. మన ఉత్తర తెలంగాణలో అడవి ఎక్కడెక్కడ మిగిలిందో, రాబందు ఎక్కడ గూడు కట్టుకుందో, పురుగుమందు లేకుండా పంట ఎక్కడ పండిందో చూస్తే, ప్రతి చోటా అక్కడి జనం చెయ్యి కనబడుతుంది. అది ఎలా పనిచేస్తుందో, ఎక్కడ తెగిపోతుందో ఈ వీడియోలో చూద్దాం. ముందు ఆ నిప్పు సంగతే తేలుద్దాం.

[దృశ్యం: కాలిన నేల. బూడిదలో వాడిపోయిన చిన్న మొక్క.]

వాయిస్ ఓవర్: ఈ మంట నేల మీదే పాకుతుంది. పెద్ద చెట్లు కాలవు. అందుకే చూసేవాళ్లకు పెద్ద నష్టమేమీ జరగనట్టే ఉంటుంది. కానీ ఆ నేల మీద కౌజు పిట్ట గుడ్లుంటాయి. తాబేళ్లు, ఉడుము పిల్లలు ఉంటాయి. వానలకు మొలకెత్తాల్సిన విత్తనాలుంటాయి. అన్నిటికన్నా బాధ కలిగించే విషయం, ఇప్ప మొలకలు కూడా అందులోనే కాలిపోతాయి. ఆదివాసీలు పోడు కొట్టేటప్పుడు కూడా ఇప్ప చెట్టును నరకరు, చేను మధ్యలో అలాగే ఉంచుతారు. అయినా చాలా చోట్ల మీకు కనబడేవి తాతల నాటి చెట్లే. నడుము ఎత్తు ఇప్ప మొక్క కోసం వెతకాల్సి వస్తుంది. పువ్వు ఏరుకుంటాం, తర్వాత నూనె కోసం గింజ కూడా ఏరుకుంటాం, మిగిలిన నాలుగు మొలకలను మంటో మేకో తీసుకుపోతుంది. కొత్తగా మొలిచిన చెట్టు పూతకు రావాలంటే పదేళ్ల దాకా ఆగాలి.

మరి ఏం చేయాలి? చెట్టు కింద ఆకును ఊడ్చి పక్కన కుప్ప పెట్టాలి. ఇంకా మంచిది, కొమ్మల కింద వల గానీ పాత చీరలు గానీ కట్టడం. పువ్వు నేల మీద పడదు, మట్టి అంటదు, వంగి ఏరే పని తగ్గుతుంది. తునికి పొదలకైతే నిప్పు బదులు కత్తి చాలు. ఫిబ్రవరి, మార్చిలో పొదను నేలమట్టానికి నరికితే అదే లేత చిగురు వస్తుంది.

యాంకర్: ఇంత తేలికైతే అందరూ ఎందుకు చేయరు? ఇక్కడే అసలు విషయం ఉంది. బూడిద అంటిన పువ్వుకూ, శుభ్రమైన పువ్వుకూ అంగట్లో ఒకే ధర పలికినంత కాలం వల కట్టమని ఎంత చెప్పినా ఎవరూ వినరు, వినాల్సిన అవసరం కూడా వాళ్లకు లేదు. ఆదిలాబాద్ జిల్లా ఉట్నూరులో ఆదివాసీ మహిళలు సంఘంగా ఏర్పడి ఇప్ప పువ్వు లడ్డూలు చేస్తున్నారు. ఆశ్రమ పాఠశాలల పిల్లలకు కూడా ఈ లడ్డూలు అందాయి. లడ్డూలోకి వెళ్లే పువ్వులో ఇసుక, బూడిద ఉండకూడదు. అంటే శుభ్రంగా ఏరిన పువ్వుకు ఒక కొనుగోలుదారు దొరికినట్టే. అటవీ శాఖ పెట్టే బోర్డుల కన్నా ఇలాంటి కొనుగోలు చెట్టు కింది నిప్పును ఎక్కువగా ఆపగలదని నేను నమ్ముతున్నాను.

పాత కట్టుబాట్లను కూడా చిన్నచూపు చూడొద్దు. కోయ పల్లెల్లో కొత్తల పండుగ ఉంటుంది. కొత్తగా వచ్చిన కాయ, పువ్వు, గింజ ఏదైనా ముందు దేవుడికి పెట్టాలి, ఊరంతా పండుగ చేసుకోవాలి, ఆ తర్వాతే నోట్లో పెట్టాలి. దీనివల్ల పచ్చి కాయను ఎవరూ తెంపరు. ఇప్పుడు మొర్రి పండు పరిస్థితి చూడండి. దాని గింజలోంచి వచ్చే సారపప్పుకు గిరాకీ పెరిగింది. నేను ఆగితే ఇంకెవరో తెంపుకుపోతారన్న భయంతో పండకముందే కొమ్మలు విరిచేస్తున్నారు. ఊరి మాట నడిచినన్నాళ్లు ఆ భయం ఉండేది కాదు.

[దృశ్యం: తపసి చెట్టు మాను మీద గాటు, కారుతున్న బంక. తర్వాత ఎత్తయిన కొమ్మకు వేలాడే తేనెపట్టు.]

వాయిస్ ఓవర్: తపసి బంకదీ ఇదే కథ. లోతుగా గాట్లు పెడితే ఈ ఏడాది బంక ఎక్కువ వస్తుంది, కొన్నేళ్లకు చెట్టు చస్తుంది. చిన్న గాటు పెట్టి, మానడానికి సమయం ఇస్తే చెట్టు బతుకుతుంది, బంక తెల్లగా వస్తుంది, ధరా ఎక్కువే. పెద్ద తేనెటీగల పట్టులో తేనె ఒక మూలన, పైభాగంలో ఉంటుంది, కింద పిల్లలుంటాయి. మొత్తం పట్టును పిండకుండా తేనె ఉన్న ముక్కనే కోసుకుంటే ఈగలు నిలుస్తాయి. వెదురులో ఆ ఏడాది లేచిన పిలకలను వదిలి ముదురు బొంగులే కొట్టాలి. ఇవన్నీ తెలిసినవాళ్లు ఊళ్లలో ఉన్నారు. వచ్చే ఏడాది కూడా ఈ చెట్టు మాదే అన్న ధీమా ఉంటే తెలిసినదాన్ని పాటిస్తారు.

[దృశ్యం: పెద్దవాగు ఒడ్డున నిలువు కొండ. రాతి అంచుల మీద తెల్లటి రెట్టల చారలు. పైన తిరుగుతున్న రాబందు.]

యాంకర్: ఇప్పుడు ఆసిఫాబాద్ జిల్లా బెజ్జూరు వైపు వెళ్దాం. పెద్దవాగు పక్కన పాలరాపు గుట్ట ఉంది. 2013లో ఇక్కడ పొడుగు ముక్కు రాబందులు గూళ్లు పెట్టినట్టు బయటపడింది. దేశంలో ఈ జాతి రాబందులు 1990ల నుంచి 95 శాతానికి పైగా తగ్గిపోయాయి. కారణం వేటగాళ్లు కాదు, డైక్లోఫెనాక్ అనే నొప్పి మందు. పశువుకు ఆ సూది వేశాక అది చస్తే, ఆ కళేబరం తిన్న రాబందు కిడ్నీలు పాడై చచ్చిపోతుంది. 2006లో పశువులకు ఆ మందు వాడకాన్ని కేంద్రం నిషేధించింది. మెలాక్సికామ్ అనే మందు రాబందులకు హాని చేయదు, పశువు నొప్పికీ పనిచేస్తుంది.

ఢిల్లీలో నిషేధం వచ్చినంత మాత్రాన బెజ్జూరులో రాబందు బతకదు. జత రాబందులు ఏడాదికి పెట్టేది ఒక్క గుడ్డు. ఆ గుడ్డు పొదిగే నెలల్లో గుట్ట కింద గోల ఉండకూడదు, తినడానికి విషం లేని కళేబరం దొరకాలి. అందుకే అటవీ శాఖ అక్కడి ఊళ్ల నుంచే మనుషులను కాపలాకు పెట్టుకుంది. ఎక్కడ పశువు చచ్చిందో, దానికి ఏ మందు వేశారో ఆ ఊరివాళ్లకే తెలుస్తుంది. గొడ్డు చచ్చిన చోటు నుంచి కబురు రావాలంటే ఆ కబురు తెచ్చే మనిషి ఊళ్లో ఒకడై ఉండాలి. పులుల జాడ చూసే ట్రాకర్లుగా కూడా కాగజ్‌నగర్ ప్రాంతంలో స్థానిక యువకులే పనిచేస్తున్నారు. వాళ్లది ప్రాణాలతో కూడిన పని. వాళ్ల జీతం నెల నెలా సమయానికి అందాలని నేను గట్టిగా కోరుకుంటున్నాను.

పులి మాట వచ్చింది కాబట్టి నిజాయితీగా ఒకటి చెప్పాలి. 2024 నవంబర్‌లో కాగజ్‌నగర్ మండలంలో పత్తి ఏరడానికి వెళ్లిన ఒక యువతి పులి దాడిలో చనిపోయింది. పులి వెనక నుంచి మీద పడుతుంది కాబట్టి, తర్వాత పత్తి ఏరేవాళ్లకు తల వెనక పెట్టుకునే మనిషి ముఖం మాస్కులు పంచారు. పులి దారిలో బతికే పల్లె చెల్లించే మూల్యం ఇది. హైదరాబాద్‌లో కూర్చుని పులి ఫొటో షేర్ చేసే మనం ఆ మూల్యాన్ని మరిచిపోవద్దు. పశువు పోతే పరిహారం ఆలస్యం కాకూడదు. ఆలస్యమైతే కళేబరం మీద విషం చల్లాలన్న ఆలోచన పుడుతుంది. ఆ విషానికి పులితో పాటు రాబందు కూడా పోతుంది.

[దృశ్యం: జనగామ జిల్లా, చెల్కల్లో రాత్రి వెలుగుతున్న మంటలు. ఆర్కైవ్ ఫొటోలు లేదా చిత్రాలు.]

వాయిస్ ఓవర్: జీవవైవిధ్యం అడవిలోనే ఉండదు. ఒకప్పటి వరంగల్ జిల్లాలో, ఇప్పటి జనగామ జిల్లా లింగాలఘనపురం మండలంలో ఏనబావి అనే చిన్న ఊరుంది. 2006లో ఆ ఊరు ఊరంతా రసాయనాలు లేని సేద్యం చేస్తున్నామని ప్రకటించుకుంది. ఆ ప్రయాణం ఎర్ర గొంగళి పురుగుతో మొదలైంది. తొలకరి వానకు నేలలోంచి రెక్కల పురుగులు లేస్తాయి, గుడ్లు పెడతాయి, గొంగళ్లు దండులా చేను నుంచి చేనుకు కదులుతాయి. మందు కొడితే ఆ వెంట్రుకల పురుగు ఒక పట్టాన చావదు. రెక్కల పురుగు లేచే రాత్రి చేల మీద మంటలు వేస్తే అవి వెలుగుకు వచ్చి పడతాయి. కానీ ఒక్క రైతు మంట వేస్తే చుట్టుపక్కల పురుగంతా అతని చేనుకే వస్తుంది. ఊరంతా ఒకే రాత్రి వేయాలి. ఎండాకాలం దుక్కి కూడా అందరూ దున్నితేనే నేలలో దాగిన పురుగు కోశాలు ఎండకు చస్తాయి.

యాంకర్: నాకు ఏనబావిలో అన్నిటికన్నా నచ్చింది ఇదే. ఒక్కడు చేస్తే నష్టం, అందరూ చేస్తే లాభం అయ్యే పని అది. మంటలతో మొదలైన ఆ అలవాటే తర్వాత వేప గింజల కషాయానికి, పురుగును తమ వైపు లాగే ఎర పంటలకు, పక్షులు వాలే కర్రలకు దారి తీసింది. పత్తి మీద మందుల అప్పుతో ఎంతమంది రైతులను పోగొట్టుకున్నామో వరంగల్‌లో ఎవరికీ కొత్తగా చెప్పక్కర్లేదు. మందు తగ్గిన చేలోకి పాలపిట్ట వస్తుంది, అది పురుగులనే తింటుంది. కలుపు మందు కొట్టని చెల్కలోనే గునుగు పూస్తుంది. బతుకమ్మకు గునుగు కట్టను అంగట్లో కొనుక్కునే రోజులు వచ్చాయంటే మన చేల గట్లు ఎలా అయ్యాయో అర్థం చేసుకోవచ్చు.

[దృశ్యం: గ్రామసభ. చెట్టు కింద కూర్చున్న జనం.]

వాయిస్ ఓవర్: ఇక చట్టం దగ్గరికి వద్దాం. 2006 అటవీ హక్కుల చట్టం అనగానే మనకు పోడు పట్టాలు గుర్తొస్తాయి. 2023లో తెలంగాణలో సుమారు 4 లక్షల ఎకరాలకు ఆ పట్టాలు ఇచ్చారు. అదే చట్టంలో ఇంకో హక్కు కూడా ఉంది. ఊరు తరతరాలుగా వాడుకుంటున్న అడవిని కాపాడుకునే, పెంచుకునే సామూహిక హక్కు గ్రామసభది. ఇప్ప పువ్వు, తునికాకు, వెదురు లాంటి చిన్న తరహా అటవీ ఉత్పత్తుల మీద యాజమాన్యం కూడా ఆ చట్టమే ఇస్తుంది. వ్యక్తిగత పట్టా గురించి జరిగినంత చర్చ ఈ సామూహిక హక్కు గురించి జరగలేదు. నా దృష్టిలో అడవికి అసలు కాపలా ఈ రెండోదే.

ఊరిని పక్కన పెడితే ఏమవుతుందో ఈ మధ్యే చూశాం. 2025 మే చివర్లో ప్రభుత్వం జీవో 49 ఇచ్చింది. మన కవ్వాల్ పులుల అడవిని మహారాష్ట్రలోని తడోబా పులుల అడవితో కలిపే దారిని కుమ్రం భీమ్ కన్జర్వేషన్ రిజర్వ్‌గా ప్రకటించింది. పులికి ఆ దారి కావాలి, అందులో సందేహం లేదు. కానీ గ్రామసభలను అడగలేదని ఆదివాసీ సంఘాలు రోడ్డెక్కాయి. జూలైలో జీవోను నిలిపివేశారు. ముందే ఊరూరా కూర్చుని మాట్లాడి ఉంటే ఆ రెండు నెలలు పులికీ, పల్లెకూ పనికొచ్చేవి.

యాంకర్: అడవి పక్కన లేని ఊరివాళ్లు కూడా చేయగలిగింది ఒకటుంది. 2002 జీవవైవిధ్య చట్టం ప్రకారం ప్రతి గ్రామ పంచాయతీకి, మున్సిపాలిటీకి జీవవైవిధ్య యాజమాన్య కమిటీ ఉండాలి. ఆ ఊళ్లోని చెట్లు, చేపలు, పిట్టలు, నాటు విత్తనాలు, పసరు వైద్యం తెలిసినవాళ్ల జ్ఞానం అన్నీ ప్రజా జీవవైవిధ్య రిజిస్టర్‌లో రాయాలి. మీ పంచాయతీ కార్యదర్శి దగ్గరికి వెళ్లి ఆ రిజిస్టర్ చూపించమని అడగండి. కమిటీలో ఎవరెవరు ఉన్నారో కనుక్కోండి. రిజిస్టర్‌లో మీ ఊరి గొర్ల కాపరి, చేపలు పట్టే ముదిరాజు పెద్దమనిషి, మంత్రసాని అవ్వ చెప్పిన మాటలు ఉన్నాయో, ఎక్కడో కూర్చుని నింపిన పేజీలే ఉన్నాయో చూడండి. లోపం ఉంటే గ్రామసభలో లేచి చెప్పండి, తీర్మానంలో రాయించండి. మీకు ఏం సమాధానం వచ్చిందో కామెంట్‌లో ఊరి పేరుతో సహా రాయండి. వచ్చే వీడియోలో పాకాల, లక్నవరం చెరువుల కథ, కొర్రమీను కథ చెప్పుకుందాం. మీ ఊరి చెరువు గురించి వచ్చిన సమాధానాలను అందులో చదువుతాను.