రాజ్యాంగం ఎందుకంత పెద్దది? మాధవ్ ఖోస్లా పుస్తకంపై నా రివ్యూ

నమస్తే అండి. ఒడిశాలోని రాయగడ నుంచి మాట్లాడుతున్నాను. ఈరోజు పుస్తకం 'ఇండియాస్ ఫౌండింగ్ మూమెంట్'. రాసింది న్యాయశాస్త్ర ప్రొఫెసర్ మాధవ్ ఖోస్లా. 2020లో హార్వర్డ్ యూనివర్సిటీ ప్రెస్ వేసింది.

"చదువు లేనోళ్లకి ఓటెందుకండీ?" ఎన్నికలొస్తే చాలు, మా వైపు టీ కొట్ల దగ్గర ఈ మాట వినిపిస్తుంది. వింటే నాకు ఒళ్లు మండుతుంది. 1951 జనాభా లెక్కల ప్రకారం దేశంలో చదవను రాయను వచ్చినవాళ్లు 18 శాతమే. అలాంటి దేశంలో 21 ఏళ్లు నిండిన అందరికీ ఓటిచ్చేశారు. ముందు అర్హత తెచ్చుకోండి, స్వపరిపాలన సంగతి తర్వాత చూద్దాం అనేది తెల్లదొరల మాట. మనవాళ్లు దాన్ని తిరగేశారు. ప్రజాస్వామ్యంలో బతుకుతూనే జనం పౌరులవుతారు, అది నేర్పే పని రాజ్యాంగమే చెయ్యాలి అన్నారు. ఖోస్లా పుస్తకానికి ప్రాణం ఈ మాటే.

నాకు బాగా నచ్చింది మొదటి అధ్యాయం. 395 అధికరణాలు ఎందుకు? పాలన వివరాలు కూడా అందులో ఎందుకు? రాజ్యాంగ నైతికత, అంటే రాజ్యాంగ పద్ధతుల్ని గౌరవించి నడుచుకోవడం, పుట్టుకతో వచ్చేది కాదు, అలవాటు చేసుకోవాలి అన్నారు అంబేడ్కర్, 1948 నవంబర్ 4న రాజ్యాంగ సభ ప్రసంగంలో. అది అలవడే దాకా అన్నీ రాతలో ఉండాలి. ప్రభుత్వాలు ఏ లక్ష్యాలతో పాలించాలో చెప్పే ఆదేశిక సూత్రాల సంగతే చూడండి. 37వ అధికరణం ప్రకారం వాటిని కోర్టులు అమలు చేయించలేవు. మరి రాయడం దేనికి? గెలిచినవాళ్లు కోర్టులో జవాబు చెప్పక్కర్లేకపోయినా, మళ్లీ ఓట్లడగడానికి వచ్చినప్పుడు జనానికి చెప్పాలి. ఇది చదివాక ఆ భాగాన్ని వట్టి మంచిమాటలని కొట్టిపారేయలేం.

రెండో అధ్యాయం అధికారం ఎక్కడుండాలనే దాని గురించి. ఊరి పెత్తనం నుంచి మనిషిని బయటపడెయ్యాలంటే బలమైన కేంద్రం కావాలన్న వాదన బాగా చెప్పారు. కాకపోతే మా పక్క కోరాపుట్ జిల్లాలో కోటియా ఊళ్లున్నాయి. ఒడిశా మావంటుంది, ఆంధ్రా మావంటుంది. రెండు రాష్ట్రాల ఓటరు కార్డులూ ఉన్నవాళ్లున్నారు. 2021లో ఆంధ్రా అక్కడ మూడు ఊళ్లలో పంచాయతీ ఎన్నికలు పెడితే ఒడిశా సుప్రీంకోర్టుకెక్కింది. ఢిల్లీ నుంచి చూసే పుస్తకంలో ఇలాంటి చోటు కనపడదు.

నా అసలు అసంతృప్తి మూడో అధ్యాయంతో. మనిషిని మతంగా, కులంగా కాకుండా వ్యక్తిగా చూడాలన్న తపనను వివరంగా చెప్పారు, ఒప్పుకుంటాను. భాషకు మాత్రం అంత చోటు దక్కలేదు. ఇంట్లో తెలుగు, బడిలో ఒడియాగా పెరిగే మా పిల్లలకు 350ఎ అధికరణం చాలా ముఖ్యం. ప్రాథమిక స్థాయిలో మాతృభాషలో చదువు చెప్పే సదుపాయానికి ప్రతి రాష్ట్రమూ ప్రయత్నించాలని అది చెబుతుంది. 1956లో చేర్చారు. రాజ్యాంగమే జనానికి బడి అన్నప్పుడు, ఆ పాఠం ఏ భాషలో అన్నది చిన్న ప్రశ్న కాదు కదా.

అయినా కొని చదవండి. ఇంగ్లిష్ కాస్త బరువే. అంబేడ్కర్ 1948 ప్రసంగం ముందు చదివితే మొదటి అధ్యాయం సులువుగా ఎక్కుతుంది. బరంపురం, పర్లాకిమిడి, జయపురం వాళ్లెవరైనా చూస్తుంటే, మీ ఊరి బడిలో తెలుగు ఏ క్లాసు దాకా ఉందో కింద రాయండి.