ఒక్క చెడ్డ రోజు చాలా?

మిత్రులారా, ముందే చెప్పేస్తాను. 'ది కిల్లింగ్ జోక్' నాకు పూర్తిగా నచ్చిన పుస్తకం కాదు. అయినా తెరిస్తే చివరిదాకా చదవకుండా మూయలేను. అలాన్ మూర్ రాసి, బ్రయాన్ బాలండ్ బొమ్మలు వేసిన ఈ బ్యాట్‌మన్ కామిక్ కథ 1988లో వచ్చింది. యాభై పేజీలు కూడా ఉండదు.

ఇందులో బ్యాట్‌మన్ శత్రువు జోకర్‌కి డబ్బు అక్కర్లేదు, వాదన నెగ్గితే చాలు. ఎంత మంచివాడైనా ఒక్క చెడ్డ రోజు ఎదురైతే తనలాగే పిచ్చివాడైపోతాడట. దాన్ని రుజువు చేయడానికి పోలీస్ కమిషనర్ గోర్డన్‌ని ఎంచుకుంటాడు.

ఆ సీన్ చూడండి. గోర్డన్ ఇంట్లో కూర్చుని పేపర్ కటింగులు అతికించుకుంటున్నాడు. బెల్ మోగింది. కూతురు బార్బరా తలుపు తీసింది. ఎదురుగా పూల చొక్కా, మెడలో కెమెరా, చేతిలో తుపాకీ. టూరిస్టు వేషంలో జోకర్! తూటా ఆమె వెన్నెముకను దెబ్బతీస్తుంది. కెమెరా ఎందుకో తర్వాత తెలుస్తుంది. గోర్డన్‌ని ఎత్తుకుపోయి, బట్టలూడదీసి, పాడుబడ్డ ఎగ్జిబిషన్‌లో దెయ్యాల రైలెక్కించి, నెత్తురోడుతున్న కూతురి ఫొటోలు ఇంతింత పెద్దవి చేసి చూపిస్తాడు.

గోర్డన్ కుప్పకూలిపోతాడు. కానీ బ్యాట్‌మన్ వచ్చి విడిపించాక ఆయన అడిగేదేమిటి? వాణ్ని చట్టప్రకారమే పట్టుకురా, మన పద్ధతి పనిచేస్తుందని వాడికి తెలియాలి అంటాడు. అక్కడికి జోకర్ ఓడిపోయాడు.

అసలు ఆ వాదనకు పునాదేమిటి? జోకర్ సొంత కథ. నవ్వించలేని కమెడియన్, గర్భవతి భార్య ప్రమాదంలో పోయింది, అదే రోజు దొంగతనానికి దిగి రసాయనాల్లో పడ్డాడు. పాపం అనిపిస్తుంది. అంతలోనే, తన గతం తనకే ఒక్కోసారి ఒక్కోలా గుర్తొస్తుందని వాడే ఒప్పుకుంటాడు. సాక్షి ఒక్కడే, వాడికీ నమ్మకం లేదు! 2008లో బాలండ్ మళ్లీ రంగులు వేసినప్పుడు ఈ గతమంతా దాదాపు బూడిద రంగులోకి మార్చి, అక్కడో వస్తువు ఇక్కడో వస్తువు మాత్రం ఎర్రగా ఉంచాడు. చెరిగిపోయిన జ్ఞాపకంలా ఉంటుంది.

నా పేచీ వేరే చోట. ఆ చెడ్డ రోజు నిజంగా ఎవరిది? తూటా తగిలింది బార్బరాకి. జోకర్‌కి ఆమె ఒక పనిముట్టు, తండ్రిని విరగ్గొట్టే సుత్తి. కథ కూడా ఆమెను ఇంచుమించు అలాగే వాడుకుంది. నీకేమైంది, నువ్వేమనుకుంటున్నావు అని ఆమెను అడిగే ఓపిక దానికి లేదు.

ఆ ఓపిక చూపించింది వేరే రచయితలు. కిమ్ యేల్, జాన్ ఆస్ట్రాండర్ 1989లో ఆమెను 'ఆరకిల్' పేరుతో తిరిగి తెచ్చారు. వీల్‌చైర్‌లో కూర్చుని, కంప్యూటర్ ముందు, హీరోలకు సమాచారం అందించే మనిషిగా.

ఈ పుస్తకంలో మాత్రం ఆమె ఆసుపత్రి మంచం మీద ఉంటుంది. బ్యాట్‌మన్ చూడటానికి వస్తాడు. కాళ్లు చచ్చుబడిన ఆ అమ్మాయి భయమంతా నాన్న గురించే.