ఫిబ్రవరి 30న చెట్ల సభ

నమస్కారం అండీ. ఈ రోజు ఒక తేదీతో మొదలుపెడతాను. ఫిబ్రవరి 30.

టోల్కీన్ రాసిన ఫాంటసీ నవల 'లార్డ్ ఆఫ్ ద రింగ్స్' చివర్లో అనుబంధాలు ఉంటాయి. కథలో ఏ రోజు ఏం జరిగిందో వరుసగా చెప్పే పట్టిక కూడా అక్కడే ఉంది. ఆ పట్టికలో ఫిబ్రవరి 29 తర్వాత 30 వస్తుంది. ఫ్యాంగార్న్ అడవిలో ఎంట్లు సభ మొదలుపెట్టింది ఆ రోజే. ఎంట్లంటే చెట్ల కాపరులు, చూడ్డానికి వాళ్లూ నడిచే చెట్లలాగే ఉంటారు. మొదటిసారి చూసినప్పుడు నేను అచ్చుతప్పనుకున్నాను. కాదు. షైర్ అనే ప్రాంతంలో హాబిట్లు అనే పొట్టి జనం వాడే క్యాలెండర్లో ప్రతి నెలకూ సరిగ్గా 30 రోజులు. కథలోని తేదీలన్నీ ఆ లెక్కలోనే ఉన్నాయి.

12 నెలలు, నెలకు 30. అంటే 360. మరి మిగతా 5 రోజులు? వాటిని ఏ నెలలోనూ కలపలేదు. చలికాలంలో 2 రోజులు, వాటి పేరు యూల్. ఒకటి సంవత్సరం చివరి రోజు, రెండోది కొత్త సంవత్సరం మొదటి రోజు. నడి వేసవిలో 3 రోజులు, వాటిని లైథ్ రోజులంటారు. లీపు సంవత్సరం వస్తే వేసవిలోనే ఇంకో రోజు కలుస్తుంది. దాని పేరు ఓవర్‌లైథ్. ఆ రోజు ప్రత్యేకమైన సంబరం. పుట్టినరోజంటే ఊరందరికీ భోజనాలు పెట్టే జనం కదా, మిగిలిన రోజులన్నీ పండగలకే ఇచ్చేశారు.

ఇక నాకు అన్నిటికంటే నచ్చిన సంగతి. మన క్యాలెండర్లో ఒకే తేదీ ఏటా వారంలో ఒక రోజు ముందుకు జరుగుతుంది. ఈసారి పుట్టినరోజు సోమవారమైతే వచ్చే ఏడు మంగళవారం, లీపు అడ్డొస్తే బుధవారం. ఇదంతా హాబిట్లకు గజిబిజిగా అనిపించింది. రెండో ఐసెన్‌గ్రిమ్ అనే షైర్ పెద్ద కాలానికి వాళ్లు దీన్ని సరిచేసుకున్నారు. వేసవి నడిమి రోజుకు వారం పేరే తీసేశారు. ఆ రోజు ఆదివారం కాదు, సోమవారం కాదు, ఏదీ కాదు. ఓవర్‌లైథ్‌కూ అంతే. అప్పుడు మిగిలేవి 364 రోజులు, అంటే కచ్చితంగా 52 వారాలు. ప్రతి సంవత్సరం శనివారం మొదలై శుక్రవారం ముగుస్తుంది. ఒక్క క్యాలెండర్ కొనుక్కుంటే జీవితాంతం గోడ మీద ఉంచుకోవచ్చు.

ఇది అనుబంధంలో రాసి వదిలేసిన మాట కాదు. కథలో పరీక్షించి చూడండి. బిల్బో అనే హాబిట్ పెద్ద విందు ఇచ్చింది సెప్టెంబర్ 22, గురువారం. 17 ఏళ్ల తర్వాత అతని వారసుడు ఫ్రోడో ఇల్లు వదిలి వెళ్లే ముందు వచ్చిన పుట్టినరోజు కూడా సెప్టెంబర్ 22. అదీ గురువారమే. నేను కాగితం మీద లెక్క వేశాను, సరిగ్గా కుదిరింది.

అదే కాగితం మీద ఇంకోటి తేలింది. ఆ లెక్కలో నెలలు ఆదివారం, మంగళవారం, గురువారం, శనివారం, సోమవారం, బుధవారం, ఈ వరసలో మొదలవుతాయి. తర్వాతి ఆరు నెలలూ మళ్లీ అదే వరస. శుక్రవారంతో మొదలయ్యే నెల ఒక్కటీ ఉండదు. అందుకే హాబిట్లకు ఒక మాట పుట్టింది, 'ఒకటో తారీకు శుక్రవారం నాడు' అని. మనం 'అమావాస్య నాడు పున్నమి' అన్నట్టు. పందులు ఎగిరినా, చెట్లు నడిచినా ఆ రోజే అని వాళ్ల ఉద్దేశం. చెట్లు నడవడం! షైర్ జనానికి జరగని పనికి గుర్తు అది. అదే కథలో ఫిబ్రవరి 30న ఎంట్లు సభ తీరి, ఆ తర్వాత యుద్ధానికి నడిచి వెళ్లారు. ఇది చదివిన రోజు నేను చాలాసేపు పుస్తకం మూయలేదు.

కథలో మన ఫిబ్రవరి, మార్చి పేర్లే వాడినా, షైర్ నెలలకు సొంత పేర్లున్నాయి. వాటిని టోల్కీన్ గాల్లోంచి తీయలేదు. బీడ్ అనే ఇంగ్లండ్ సన్యాసి 725లో కాలగణన మీద ఒక గ్రంథం రాశాడు. పాత ఇంగ్లీషు జనం నెలల పేర్లు అందులో ఉన్నాయి. మే నెలను వాళ్లు 'థ్రిమిల్చి' అనేవారు, ఆవులు రోజుకు మూడుసార్లు పాలిచ్చే నెల అని. షైర్‌లో అది 'థ్రిమిడ్జ్' అయింది. ఆ పాత జనానిది మనలాగే చాంద్రమానం. చంద్రుడి నెలలు సూర్యుడి ఏడాదికి వెనకబడినప్పుడు వేసవిలో మూడో 'లిథా' నెల కలిపేవాళ్లు. మనకు అధికమాసం ఉన్నట్టే. బీడ్ రాసింది చదువుతుంటే నాకు మా ఇంటి పంచాంగం గుర్తొచ్చింది. ఆ అధిక నెలను టోల్కీన్ ఒక్క అధిక రోజుగా కుదించి ఓవర్‌లైథ్ చేశాడని నా అనుమానం.

అదే కథా ప్రపంచంలో ఎల్ఫ్‌లు అనే మరో జాతి లెక్క వేరు. వాళ్లకు వృద్ధాప్యం, సహజ మరణం లేవు. అందుకే 144 సంవత్సరాలను కలిపి ఒక 'యేన్'గా లెక్కిస్తారు.

మరి వారం లేని రోజు మన ప్రపంచంలో కుదురుతుందా? దాదాపు అదే ఆలోచన నిజంగానే ఐక్యరాజ్యసమితి దాకా వెళ్లింది. 'వరల్డ్ క్యాలెండర్' అని, ఏడాది చివర వారం పేరు లేని ఒక రోజు పెట్టే పథకం. దాన్ని 1953లో అక్కడ చర్చకు పెట్టింది మన భారత ప్రభుత్వమే. మన శకవర్ష క్యాలెండర్ కమిటీకి అధ్యక్షుడైన మేఘనాథ్ సాహా దాని కోసం గట్టిగా వాదించారు. 1955లో అమెరికా వ్యతిరేకించింది. టోల్కీన్ అనుబంధాలు అచ్చయింది కూడా 1955లోనే.

ఎందుకు కుదరలేదు? యూదులకు శనివారం, ముస్లింలకు శుక్రవారం, క్రైస్తవులకు ఆదివారం. ఏడో రోజు తర్వాత ఏడో రోజు అని తరతరాలుగా తెగకుండా వస్తున్న లెక్క అది. మధ్యలో పేరులేని రోజు పెడితే ఆ గొలుసు తెగిపోతుంది. షైర్‌లో గుడి లేదు, చర్చి లేదు. వాళ్ల శుక్రవారం మధ్యాహ్నం నుంచి సెలవు, సాయంత్రం విందు, అంతే. అందుకే అక్కడ కుదిరింది. ఫాంటసీ రాసే తెలుగు మిత్రులకు నేను చెప్పే మాట ఇదే. నెలలకు వింత పేర్లు పెట్టే ముందు, మీ ఊళ్లో జనం ఏ రోజు కోసం ఎదురుచూస్తారో, ఏ రోజు మారిస్తే కొట్లాటకు వస్తారో రాసుకోండి.

టోల్కీన్‌కూ ఇదంతా తేలిగ్గా రాలేదు. 1944 మేలో కొడుకు క్రిస్టఫర్‌కు రాసిన ఉత్తరంలో, కథలో చంద్రుడు ఒకచోట ఉదయిస్తూ అదే సమయానికి ఇంకోచోట అస్తమిస్తున్నాడని బాధపడ్డాడు. వెనక్కి వెళ్లి సరిదిద్దాడు.

ఆ శ్రమ ఎక్కడ కనిపిస్తుందో చెప్పి ఆపుతాను. కథంతా ఏ దుష్ట ఉంగరం చుట్టూ తిరుగుతుందో అది నాశనమైన రోజు మార్చి 25. ఇకపై గోండోర్ అనే మనుషుల రాజ్యంలో కొత్త సంవత్సరం ఆ రోజే మొదలు. ఫ్రోడోకు తోడుగా చావు అంచుదాకా వెళ్లిన హాబిట్ శామ్ మంచం మీద కళ్లు తెరుస్తాడు. ఈ రోజు కొత్త సంవత్సరంలో 14వ రోజు, షైర్ లెక్కలో ఏప్రిల్ 8 అని మాంత్రికుడు గాండాల్ఫ్ చెబుతాడు. వేళ్ల మీద లెక్కపెట్టండి. మన మార్చికి 31 రోజులు కాబట్టి మనకు 15 వస్తుంది. షైర్ మార్చికి 30. మార్చి 25 నుంచి 30 దాకా ఆరు, ఏప్రిల్‌లో ఎనిమిది. పద్నాలుగు.