లోయలో ఎంత మిగిలింది?

మిత్రులారా,

పవర్ సప్లై డిజైన్ నేర్చుకోవాలని వచ్చినవాళ్లు చాలామంది మొదటిరోజే స్విచింగ్ సర్క్యూట్ల గురించి అడుగుతారు. నేను మాత్రం పాత లీనియర్ సప్లై దగ్గరే కూర్చోబెడతాను. ట్రాన్స్‌ఫార్మర్, ఏసీని ఒకే దిశకు తిప్పే నాలుగు డయోడ్ల బ్రిడ్జి, ఛార్జ్ దాచే కెపాసిటర్, నిలకడగా 5 వోల్టులిచ్చే 7805 రెగ్యులేటర్. వీటిలో కెపాసిటర్ ఒంటబడితే మిగతా దారి సులువవుతుంది.

నేను మొదట కట్టిన 5 వోల్టుల సప్లైలో 9 వోల్టుల ట్రాన్స్‌ఫార్మర్, 1000 మైక్రోఫారడ్ కెపాసిటర్ వాడాను. లోడ్, అంటే సప్లై నుంచి లాగే కరెంటు, 1 ఆంపియర్. రెగ్యులేటర్ ముందు మల్టీమీటర్ పెడితే 8 వోల్టుల పైనే ఉంది. 7805 లోపలికి 7 వోల్టులు ఉంటే చాలు కదా! అయినా ఆ సప్లై మీద నడిచే బోర్డు మాటిమాటికీ రీసెట్ అయ్యేది. రెండు రోజులు ప్రోగ్రామ్‌లోనే తప్పు వెతికాను. వోల్టేజీ అలను గీతగా చూపే స్కోప్ పెట్టాక గానీ సంగతి బయటపడలేదు.

లెక్క చూడండి. 9 వోల్టులంటే ఆర్‌ఎంఎస్, అంటే ఏసీకి లెక్కగట్టే ఒక రకం సగటు; అల శిఖరం 12.7. బ్రిడ్జిలో రెండు డయోడ్లు కలిసి 1.4 తినేస్తాయి, 11.3 మిగులుతుంది. బ్రిడ్జి కింది అర అలనూ పైకి తిప్పుతుంది కాబట్టి 50 హెర్ట్జ్ కరెంటులో శిఖరానికీ శిఖరానికీ మధ్య 10 మిల్లీసెకన్లు. ఈ మధ్యలో లోడ్‌ను మోసేది కెపాసిటర్ ఒక్కటే. 1 ఆంపియర్ లాగుతుంటే 1000 మైక్రోఫారడ్ మీద వోల్టేజీ మిల్లీసెకనుకు 1 వోల్టు చొప్పున జారుతుంది. తర్వాతి అల వచ్చి అందుకునేసరికి దాదాపు ఆరున్నర వోల్టులు పోయాయి. రెండు శిఖరాల మధ్య దిగిన ఆ లోయలో 5 వోల్టులు కూడా లేవన్నమాట. మీటర్ చూపించింది సగటు. రెగ్యులేటర్‌కు కావలసింది ఆ లోయలో మిగిలినది.

4700 మైక్రోఫారడ్ వేశాను. జారుడు 2 వోల్టుల లోపుకు వచ్చింది, రీసెట్లు ఆగాయి. కానీ రెగ్యులేటర్ మీద వేలు పెడితే చురుక్కుమంది. లోపలికి సగటున 10 వోల్టుల పైన, బయటికి 5, కరెంటు 1 ఆంపియర్. లోడ్‌కు ఇచ్చేది 5 వాట్లయితే వేడిగా పోయేదీ అంతకు తక్కువ కాదు. హీట్‌సింక్ లేకపోతే 7805 తనంతట తానే ఆగిపోతుంది. ఈ వేడి లెక్క చేసినవాళ్లకు స్విచింగ్ ఎందుకు వచ్చిందో వేరే చెప్పనక్కర్లేదు: ట్రాన్సిస్టర్‌ను 7805లోలా సగం తెరిచి నడిమధ్యన నిలబెట్టకుండా పూర్తిగా ఆన్, పూర్తిగా ఆఫ్ చేస్తారు, నడుమ శక్తిని ఇండక్టర్ అనే తీగచుట్ట దాచి అందిస్తుంది.

అయితే తొందరపడి దాని మూత తీయకండి. 230 వోల్టుల లైన్ మీద నడిచే స్విచింగ్ సప్లైలో మొదటి కెపాసిటర్ మీద దాదాపు 325 వోల్టుల డీసీ ఉంటుంది, ప్లగ్ పీకాక కూడా కొంతసేపు నిలిచి ఉండొచ్చు.

ఇప్పుడు స్కోప్ ప్రోబ్ ఈ 1000 మైక్రోఫారడ్ మీద పెడుతున్నాను. లోడ్ మెల్లగా పెంచుతాను. పై గీతలో లోయ 7 కిందికి దిగుతుండగా కింది గీతను, అవుట్‌పుట్‌ను, గమనిస్తూ ఉండండి.