కూర్చున్న చోటి నుంచి 14.65 మీటర్లు: హొకాటో సెమా షాట్‌పుట్ లోపలి లెక్క

[తెర మీద: స్టాడ్ ద ఫ్రాన్స్, రాత్రి, ఫ్లడ్‌లైట్లు. సర్కిల్ మధ్యలో ఇనుప కుర్చీ.]

2024 సెప్టెంబర్ 6, పారిస్ పారాలింపిక్స్. పురుషుల షాట్‌పుట్, ఎఫ్57 ఫైనల్. అంటే కూర్చుని విసిరేవాళ్ల వర్గం. భారత సైన్యంలో పనిచేసే హొకాటో హొటోఝె సెమా మొదటి త్రో 13.88 మీటర్లు, సాదాసీదాగా పడింది. రెండోది 14కు చేరింది, మూడోది 14.40. నాలుగోది 14.65.

అంతకుముందు ఆయన అత్యుత్తమం 14.49. అంటే 16 సెంటీమీటర్లు పెరిగింది, దాంతో కాంస్యం వచ్చింది. అప్పటికి ఆయన వయసు 40.

ఈ 14.65 వెనక కాళ్ల తోపు లేదు. నిలబడి విసిరేవాళ్లు సర్కిల్ వెనక నుంచి జారుతూ వచ్చో, గిర్రున తిరిగో ఊపు తెచ్చుకుంటారు. ఇక్కడ జారడం లేదు, తిరగడం లేదు. ఉన్నది నడుము, వీపు, భుజం, మణికట్టు. వాటి కింద ఓ కుర్చీ. ఈ వీడియోలో సగం ఆ కుర్చీ గురించే.

[తెర మీద: దిమాపూర్, చౌకీబల్, పుణె గుర్తులున్న భారత పటం]

ముందు మనిషి గురించి. సెమాది నాగాలాండ్‌లోని దిమాపూర్, రైతు కుటుంబం. చిన్న వయసులోనే అస్సాం రెజిమెంట్‌లో చేరారు. 2002 అక్టోబర్ 14న జమ్మూకశ్మీర్‌లోని చౌకీబల్ దగ్గర చొరబాట్లను అడ్డుకునే ఆపరేషన్‌లో మందుపాతర పేలింది. ఎడమ కాలు మోకాలి కింద పోయింది. అప్పటికి 19 కూడా నిండలేదు.

షాట్‌పుట్ పట్టుకున్నది 2016లో, 32 ఏళ్లకు. మధ్యలో పద్నాలుగేళ్లు! పుణెలో సైన్యానికి కృత్రిమ అవయవాల కేంద్రం ఉంది. అక్కడి సీనియర్ అధికారి ఒకరు ఆయన ఫిట్‌నెస్ చూసి ఇటు మళ్లించారు. అదే ఏడాది జాతీయ పోటీల్లో దిగారు. 2023 అక్టోబర్‌లో హాంగ్‌జౌ ఆసియా పారా క్రీడల్లో 13.94తో కాంస్యం. 2024 మేలో కోబె ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో నాలుగో స్థానం. పారిస్ పతకంతో నాగాలాండ్‌కు మొదటి పారాలింపిక్ పతక విజేత అయ్యారు. ఆ తర్వాత అర్జున అవార్డు.

[తెర మీద: ఎఫ్57 అనే పెద్ద అక్షరాలు]

ఎఫ్ అంటే ఫీల్డ్ పోటీలు. 51 నుంచి 57 దాకా ఉన్నవి కాళ్లు, వెన్నెముక దెబ్బతిన్నవాళ్లు కూర్చుని విసిరే వర్గాలు. అంకె పెరిగేకొద్దీ ఒంటి మీద అదుపు ఎక్కువ. 57లో నడుము, పొట్ట కండరాలు పూర్తిగా పనిచేస్తాయి. అందుకే దూరాలు అంత పెద్దవి. ఇందులో గుండు బరువు మగవారికి 4 కిలోలు.

మోకాలి కింద కాలు పోయినవారు కృత్రిమ కాలితో నిలబడి పోటీపడే వర్గం కూడా ఉంది, ఎఫ్64. జావెలిన్ వీరుడు సుమిత్ అంతిల్ అందులోనే ఉన్నారు. మరి సెమా ఎందుకు కూర్చున్నారు? పారిస్‌లో పురుషుల షాట్‌పుట్‌కు ఎఫ్64 పోటీ పెట్టలేదు. పారా క్రీడల్లో కెరీర్ మొత్తం ఇలాంటి పట్టిక మీద ఆధారపడుతుంది. మీ వర్గానికి ఏ పోటీ పెడితే అదే మీ ఆట. దీని గురించి బయట ఎవరూ పెద్దగా మాట్లాడరు.

[తెర మీద: ఫ్రేమ్ క్లోజప్. కొలత టేపు పక్కనే]

ఇక కుర్చీ. మైదానంలో దీన్ని ఫ్రేమ్ అంటారు. ఇనుప పైపులతో వెల్డింగ్ చేయించుకునేది, ఆటగాడి ఒంటికి సరిపడా. సీటు ఎత్తు నేల నుంచి 75 సెంటీమీటర్లు దాటకూడదు, మెత్తతో కలిపి. సీటు చతురస్రమో దీర్ఘచతురస్రమో అయి ఉండాలి. ప్రతి వైపూ కనీసం 30 సెంటీమీటర్లు ఉండాలి. సీటు సమంగా ఉండాలి, లేదా ముందువైపు కాస్త లేవాలి. ముందుకు వాలితే ఒప్పుకోరు. ఒళ్లు దానంతటదే ముందుకు జారితే అదో అదనపు ఊపు కదా!

ముందు నిలువుగా ఓ కడ్డీ పెట్టుకోవచ్చు. విసరని చేత్తో దాన్ని పట్టుకుని లాగుతూ తిరుగుతారు. అందరూ వాడరు. వాడితే అది వంగకూడదు, స్ప్రింగ్ ఉండకూడదు. తొడల మీదుగా, నడుము చుట్టూ బిగించే పట్టీలు సాగని గుడ్డతోనే ఉండాలి. సాగే రబ్బరు పట్టీ అయితే ఒంటిని వెనక్కి లాగి వదులుతుంది, ఉండేలులా.

ఈ ఫ్రేమ్ మొత్తం సర్కిల్ లోపలే నిలవాలి. సర్కిల్ అడ్డకొలత 2.135 మీటర్లు. కుర్చీని నేలలోని కొక్కేలకు గొలుసులతో, బిగింపు పట్టీలతో కట్టేస్తారు. ఈ కట్టు ఏ కాస్త వదులైనా దూరం తగ్గుతుంది. ముందుకు నెట్టిన బలంలో కొంత కుర్చీని కదిలించడానికే పోతుంది మరి. ఆట మధ్యలో నిర్వాహకులు కట్టిన పట్టీ తెగినా, జారినా ఆటగాడికి మరో అవకాశం ఇస్తారు.

[తెర మీద: నెమ్మది వేగంలో ఒక త్రో]

ఇప్పుడు ఒక్క త్రో చూద్దాం. గుండు వేళ్ల మొదళ్ల మీద ఉంటుంది, అరచేతి గుంటలో కాదు. మెడకు, దవడ కింద ఆనుతుంది. భుజం నుంచి ఒక్క చేత్తో నెట్టాలి. మెడ వదిలి కిందికో, భుజం వెనక్కో పోతే ఫౌల్.

ఛాతీ వెనక్కి తిరుగుతుంది, మోచేయి పైకి లేస్తుంది. ముందు నడుము తిరగాలి, తర్వాత ఛాతీ, ఆ తర్వాత భుజం, చివర్లో చెయ్యి. కొత్తవాళ్లు చేసే పెద్ద తప్పు చెయ్యి ముందే వదిలేయడం. నడుము ఇంకా తిరుగుతుండగానే చెయ్యి చాపేస్తే ఆ తిప్పు గుండుకు అందదు. గుండు ఎడమకో కుడికో వంగిపోతుంది. పడాల్సిన సెక్టార్ కోణం 34.92 డిగ్రీలే.

లెక్క వేస్తే 14.65 మీటర్లు పోవడానికి గుండు సెకనుకు దాదాపు 11 మీటర్ల వేగంతో చెయ్యి వదలాలి. గంటకు 40 కిలోమీటర్లు. కుర్చీలో నుంచి!

అసలు చిక్కు పిరుదులది. గుండు అందుకుని మొదలుపెట్టినప్పటి నుంచి అది నేల తాకేదాకా ఆటగాడు కూర్చునే ఉండాలి. గట్టిగా విసరబోతే నడుము దానంతటదే లేస్తుంది. పక్కన అధికారి చూపు గుండు మీద ఉండదు, సీటు మీదే ఉంటుంది. కాస్త ఖాళీ కనిపించిందా, ఎర్రజెండా, ఆ త్రో చెల్లదు. తొడ మీది పట్టీ అసలు పని ఇక్కడే. మరీ బిగిస్తే నడుము తిరగదు, వదులు చేస్తే పిరుదు లేస్తుంది. ఎంత బిగించాలో సాధనలో ఒక్కో రంధ్రం మార్చుకుంటూ తేల్చుకోవాలి. తేలాక పట్టీ మీద పెన్నుతో గీత పెట్టుకోవాలి. పోటీ రోజు కంగారులో చేతికి ఆ కొలత గుర్తుండదు.

ఇంకో తేడా. నిలబడి విసిరే పోటీలో ఒక్కో త్రోకు ఒకరి తర్వాత ఒకరు వస్తారు. ఇక్కడ ఒకరి ఆరు త్రోలూ వరసగా అయిపోయాకే ఇంకొకరు. ప్రతిసారీ కుర్చీ కట్టి విప్పలేరు కదా! ఒక్కో త్రోకు గడువు ఒక నిమిషం. విశ్రాంతి అంటే అంతే. సెమా వరస 13.88 నుంచి 14.65కు ఎక్కిందంటే, అలసట పెరుగుతుంటే దూరమూ పెరిగిందన్నమాట. నాకు ఆ నాలుగో త్రో కన్నా ఈ ఎక్కడమే గొప్పగా అనిపిస్తుంది.

ఆ రోజు స్వర్ణం ఇరాన్‌కు చెందిన యాసిన్ ఖోస్రవీది, 15.96. ప్రపంచ రికార్డు 16.01 కూడా అప్పటికి ఆయనదే. రజతం బ్రెజిల్ ఆటగాడు తియాగో పౌలినోది, 15.06. ఐదో స్థానం మరో భారత సైనికుడు సోమన్ రాణాది, 14.07. ఆయన కూడా మందుపాతరలోనే కాలు పోగొట్టుకున్నారు.

[తెర మీద: రవి రొంగలి పేరు, 10.63]

ఈ ఆటలో మన తెలుగువాళ్లూ ఉన్నారు. అనకాపల్లి ప్రాంతపు రవి రొంగలి ఎఫ్40లో, అంటే పొట్టివారి వర్గంలో, నిలబడి విసురుతారు. హాంగ్‌జౌలో రజతం, పారిస్‌లో 10.63తో ఐదో స్థానం. అప్పటికి అది ఆయన అత్యుత్తమం.

మీ ఊళ్లో ఎవరికైనా కూర్చుని విసిరే ఫ్రేమ్ చేయిస్తుంటే ఒక్క మాట. వెల్డింగ్ షాపులో సీటును సరిగ్గా 75కు చేయించి, పైన మెత్త వేస్తే 78 అవుతుంది. తనిఖీలో ఆపేస్తారు. అక్కడ కోయడానికి రంపం దొరకదు. సీటు 72కు కోయించండి, మెత్త వేశాకే టేపు పెట్టండి.