22 మీద ఆగిన బంతి

అందరికీ నమస్కారం. మన దగ్గర క్యారెక్టర్ ఆర్టిస్టు అంటామే, ఫ్రాన్స్‌కు చెందిన అలాంటి ఒక నటుడి గురించి ఇవాళ చెప్తాను. పేరు మార్సెల్ దాలియో. పేరు వినకపోయినా మీలో చాలామంది ఆయన్ని చూసే ఉంటారు, ఎందుకంటే ‘కాసాబ్లాంకా’ అనే హాలీవుడ్ సినిమాలో, జూదం ఆడే క్లబ్బులో రూలెట్ చక్రం తిప్పే ఎమిల్ ఆయనే.

ఆ సీను ఒకసారి గుర్తు చేసుకోండి. ఊరు దాటడానికి డబ్బుల్లేక ఒక బల్గేరియా కుర్రాడు మిగిలిన కాసిన్ని చిప్స్‌తో కూర్చుని ఉంటాడు, క్లబ్బు యజమానిగా వేసిన హీరో హంఫ్రీ బోగార్ట్ వచ్చి 22 మీద పెట్టమంటాడు, ఎమిల్ తన యజమాని కళ్లలోకి ఒక్క చూపు చూస్తాడు, బంతి వెళ్లి 22 మీదే ఆగుతుంది. రెండుసార్లు! ఆ చూపులోనే మొత్తం కథ ఉంది. కాసేపటికి, ఇక్కడ జూదం ఆడుతున్నారా అంటూ ఆశ్చర్యం నటిస్తూ క్లబ్బు మూయించే పోలీసు కెప్టెన్‌కి, ఆయన గెలిచిన డబ్బు తెచ్చి చేతిలో పెట్టేది కూడా ఎమిలే. ఇంతా చేస్తే టైటిల్స్‌లో దాలియో పేరు లేదు.

అది 1942. అంతకు మూడేళ్ల కిందట ఫ్రెంచ్ దర్శకుడు జాఁ రెన్వార్ తీసిన ‘ది రూల్స్ ఆఫ్ ది గేమ్’లో ఈయనది ముఖ్యపాత్ర, జమీందారు లాంటి మార్కీ. కొత్తగా కొన్న సంగీత యంత్రాన్ని అతిథులకు చూపిస్తూ పక్కన నిలబడతాడు చూడండి, గర్వం, సిగ్గు, పిల్లాడి సంబరం ఒకే ముఖంలో ఒకదాని మీద ఒకటి వచ్చి పోతుంటాయి. నేనైతే ఆ షాట్ కోసమే ఆ సినిమా మళ్లీ మళ్లీ చూస్తాను. 1937 నాటి ‘ది గ్రాండ్ ఇల్యూజన్’లో జైలు నుంచి పారిపోతూ కాలు మడతపడి కుంటే రోజెంతాల్ కూడా దాలియోనే.

ఆయన 1899లో పారిస్‌లో ఒక యూదు కుటుంబంలో పుట్టాడు. 1940లో జర్మన్ సైన్యం వస్తుంటే భార్య మడలైన్ లెబోతో లిస్బన్‌కి పారిపోయి, అక్కడ చిలీ వీసాలు సంపాదించి ఓడ ఎక్కితే, మెక్సికో చేరాక తెలిసింది అవి దొంగ వీసాలని. చివరికి కెనడా ఇచ్చిన తాత్కాలిక పాస్‌పోర్టులతో ఎలాగో అమెరికా చేరారు. ఇటు పారిస్‌లో నాజీలు ఆయన ఫోటోనే పోస్టర్ల మీద వేసి, యూదుడంటే ఇలా ఉంటాడని గోడలకు అంటించారు. ఆయన కుటుంబంలోని వాళ్లు నాజీ శిబిరాల్లో చనిపోయారు. ‘కాసాబ్లాంకా’లో ఫ్రెంచ్ జాతీయగీతం పాడుతూ కన్నీళ్లు పెట్టుకునే అమ్మాయి మడలైనే. వాళ్లిద్దరూ నిజంగానే శరణార్థులు, అందుకే ఆ సినిమాలో వాళ్లను చూస్తే నాకు గొంతు పట్టేస్తుంది.

యుద్ధం తర్వాత ఫ్రాన్స్‌లోనూ హాలీవుడ్‌లోనూ చిన్న చిన్న వేషాలు బోలెడు వేశాడు. 1955లో ‘కాసాబ్లాంకా’ టీవీ సీరియల్‌గా వచ్చినప్పుడు, అప్పుడు ఎవరి చేతికి డబ్బు అందించాడో ఆ పోలీసు కెప్టెన్ పాత్ర ఈయనకే దక్కింది.

1973లో ‘రబ్బీ జాకబ్’ అనే ఫ్రెంచ్ కామెడీ పెద్ద హిట్టయింది. అందులో ఏళ్ల తరబడి అమెరికాలో ఉండి పారిస్‌కి తిరిగొచ్చే అసలు రబ్బీగా, అంటే యూదు మతగురువుగా, దాలియో వేశాడు. పోస్టర్లకెక్కించి ద్వేషించమన్న ఆ ముఖమే అది, 70 ఏళ్లు దాటి, నెరిసిన గడ్డంతో, నవ్వుతూ.